దుర్యోధనుడి కొలత

చౌడమ్మత్త గురించి మా ఊళ్ళో ఒక కథ చెప్పుకుంటారు. గుడి ఎదురుగా చిల్లరంగడి పెట్టుకున్న దేవకమ్మ నోట వింటే అది ఇంకా బాగుంటుంది. వచ్చినవాళ్ళు ఊరికి కొత్త అయితే బెల్లం తూచడం కూడా ఆపి చెబుతుంది.

"భారతంలో దుర్యోధనుడు పండుకునే జాగా ఉండాదే, ఆడ పోయి పండుకునింది మే ఆ చౌడమ్మ. సినిమా కోసరం! తిరపతి నుంచి ఎవురో మొగోళ్ళు వచ్చి తీసినారంట. పైట యాడుందో, కొంగు యాడుందో. మైల కాదా? ఆ యేడు దుర్యోధనుడి మట్టిని ఊళ్ళో ఒక్కరు ముట్టలా. కాకి కూడా వాలలేదు పో."

ఏర్పేడు బస్టాండు చేరేసరికి ఆ కథలో చౌడమ్మత్త మూడు రోజులు అక్కడే పడుకుని ఉంటుంది. శ్రీకాళహస్తి చేరేసరికి ఆమెను ఊరి నుంచి వెలివేసి ఉంటారు. నా దగ్గరికి జాకెట్లు కుట్టించుకోవడానికి వచ్చేవాళ్ళు తలా ఒక ముక్క కలుపుతారు. నేను కొలతలు రాసుకుంటూ, తల వంచుకుని వింటాను. మనిషి ముఖం మీద కాదనడం నాకు చేతకాదు. తొమ్మిదో తరగతి సగంలో బడి మానేశాను, రాయడం మాత్రం మానలేదు.

మా ఇల్లు భారతం మిట్టను ఆనుకుని ఉంటుంది. నా కుట్టుమిషను కిటికీ పక్కన. ఆ కిటికీలోంచి చూస్తే మిట్ట అంతా కనబడుతుంది.

ఎండాకాలంలో మా ద్రౌపదమ్మ గుడి దగ్గర పద్దెనిమిది రోజులు భారతం జరుగుతుంది. ఆఖరి రోజు పొద్దున దుర్యోధనుడి వధ. అందుకోసం ముందురోజు మిట్ట మీద మట్టితో దుర్యోధనుణ్ణి చేసి వెల్లకిలా పడుకోబెడతారు. పాదాల దగ్గర నిలబడితే ముఖం సరిగ్గా కనబడదు, అంత పొడుగు. చాటలంత చెవులు, కొడవళ్ళలాంటి మీసాలు. కుడి తొడలో ఎర్రనీళ్ళ కుండ పూడ్చిపెడతారు. భీముడి వేషం కట్టినతను గదతో కొడితే కుండ పగులుతుంది. ద్రౌపది వేషం కట్టినతను ఆ ఎర్రనీళ్ళు తలకు రాసుకుని, అప్పటిదాకా విరబోసుకున్న జుట్టు ముడి వేసుకుంటాడు. ఆ తర్వాత జనం మీదపడి మట్టి తీసుకుపోతారు. ఒక పిడికెడు తెచ్చి బియ్యం డబ్బాలో వేసుకుంటే ఇంట్లో తిండికి లోటు ఉండదని నమ్మకం.

ఆ దుర్యోధనుణ్ణి చేసే హక్కు కుమ్మరి శాంతయ్య తాతది. తాత పొడగరి, చేతులు మోకాళ్ళదాకా ఉండేవి. ఇద్దరు కొడుకులు. పెద్దవాడు మునిశేఖర్ రేణిగుంటలో ఒక గోడౌనుకు రాత్రి కాపలా. పగలు నిద్రపోతాడు కాబట్టి ఊళ్ళో ఏం జరిగినా మర్నాడు అడిగి తెలుసుకుంటాడు. చిన్నవాడు ఏకాంబరం తిరుపతిలో ఆటో నడుపుతాడు. ఇద్దరికీ మట్టి పని అబ్బలేదు. అబ్బింది పెద్దకోడలు చౌడేశ్వరమ్మకి, అంటే మా చౌడమ్మత్తకి. ఆమె పుట్టిల్లు కూడా కుమ్మరి ఇల్లే. పెళ్ళై వచ్చిన యేటి నుంచి తాతకు మట్టి తొక్కి ఇచ్చింది, ఊక కలిపి ఇచ్చింది. తాతకు ఒక పక్క చెయ్యి పడిపోయిన యేడు, ఆయన మంచం మీద కూర్చుని చెబుతుంటే ఆమే చేసింది. తర్వాత ఆయన పోయాడు. ఆమె చేస్తూనే ఉంది.

అయితే పని జరిగేటప్పుడు మిట్ట చుట్టూ తెరలు కడతారు. దుర్యోధనుడికి కళ్ళు దిద్దేదాకా బయటివాళ్ళు చూడకూడదు. తెరల వెనక ఎవరున్నారో ఊరంతా తెలుసు. తెలిసినట్టు ఎవరూ మాట్లాడరు. కళ్ళు దిద్దాక ఆమె వెనక వైపు నుంచి ఇంటికి వెళ్ళిపోతుంది. మర్నాడు మైకులో "దుర్యోధనుణ్ణి చేసిన శాంతయ్య కుమారుడు ఏకాంబరం రావలెను" అని పిలుస్తారు. ఏకాంబరం పట్టుపంచ కట్టుకుని పోయి తల వంచుతాడు. గుడి పెద్ద జయరావు గుడి మర్యాదగా ఆ తలకు పరివట్టం గుడ్డ చుట్టి కడతాడు. చౌడమ్మత్త ఆడవాళ్ళ మధ్యలో నిలబడి, గోళ్ళలో ఇరుక్కున్న మట్టి తీసుకుంటూ చూస్తుంది.

నేను ఆమె చేతుల్ని చాలా యేళ్ళు చూశాను. పొట్టి మనిషి, నల్లటి మనిషి, పిక్కలు మాత్రం రాళ్ళు. నవ్వితే మా కిటికీ దాకా వినబడుతుంది.

పోయిన యేడు భారతం మొదలైన వారానికి తిరుపతి నుంచి రేవతి వచ్చింది. భుజానికి ఒక బరువైన సంచి, ఎండకు ఎర్రబడిన ముఖం. ఆమె, ఇంకొందరు కలిసి, పల్లెల్లో బొమ్మలు చేసేవాళ్ళ మీద ఫిల్మ్ తీస్తున్నారట. ఒక్కో మనిషికి ఒక్క రీలు, మూడు నిమిషాలు. మాటలుండవు, పాటలుండవు, తీసినదాంట్లో ముక్క కూడా కత్తిరించరు. ఎక్కడ తీయాలో, ఏం తీయాలో, కెమెరా ఎవరు పట్టుకోవాలో ఫిల్ములో ఉండే మనిషే చెప్పాలి. తర్వాత ఆ రీలును ఆ మనిషే తన చేత్తో కడిగి బొమ్మ తేల్చుకోవాలి.

గుడి దగ్గర అడిగితే రేవతిని ఏకాంబరం ఇంటికి పంపారు. అన్నదమ్ములిద్దరిదీ ఒకే వాకిలి. నేను ఆ పూట చౌడమ్మత్తకు జాకెట్టు ఇవ్వడానికి వెళ్ళి ఉన్నాను. ఏకాంబరం లోపలికి పోయి, పట్టుపంచ కట్టి, మీసం దువ్వి, నాటకంవాళ్ళ గద ఒకటి ఎక్కడి నుంచో తెచ్చి భుజాన పెట్టుకుని నిలబడ్డాడు.

"ఇట్ట సాలునా మేడం? నవ్వాల్నా వద్దా?"

"మీరు దుర్యోధనుణ్ణి మొదలుపెట్టేటప్పుడు ముందు ఏం చేస్తారో అది చూపించండి" అంది రేవతి.

ఏకాంబరం గద దించాడు. వాకిలి అవతలికి చూసి, "వదినా, ముందర... ముందర ఏం చేస్తాము మనము?" అన్నాడు.

చౌడమ్మత్త తొట్టి దగ్గర కుండలు తడుపుతోంది. లేవకుండానే అంది: "మనము ఏమీ చెయ్యము ఏకాంబరం. నేను చేస్తా. నువ్వు ఆటో తోల్తావు."

రేవతి నవ్వలేదు. సంచి తీసుకుని నేరుగా తొట్టి దగ్గరికి వెళ్ళి కూర్చుంది. ఏకాంబరం "గద నాటకమోళ్ళ కాడ వదిలేసి వస్తా" అని వెళ్ళిపోయాడు.

వాళ్ళిద్దరూ చాలాసేపు మాట్లాడుకున్నారు. ముఖం తీయనా అని రేవతి అడిగితే, "మొగం ఏముండాది? పెండ్లి ఫోటోలో ఉండాది మొగం. నేను కొలిచేది తియ్యి" అంది చౌడమ్మత్త.

కొలిచేది అంటే ఇది. దుర్యోధనుణ్ణి టేపుతోనో తాడుతోనో కొలవరు. చేసే మనిషి ఒంటితో కొలుస్తారు. మిట్ట మీద నీళ్ళు చల్లి నేల మెత్తబడ్డాక, ఆ మనిషి వెల్లకిలా పడుకుంటుంది. మడమల దగ్గర ఒక గీత గీస్తారు. లేచి, ఆ గీత దగ్గర తల పెట్టి మళ్ళీ పడుకుంటుంది. అట్లా ఎనిమిది నిలువులు. తల ఒక నిలువు, మొండెం మూడు, కాళ్ళు నాలుగు. తడినేల మీద ఎనిమిదిసార్లు ఒంటి అచ్చు పడుతుంది. ఆ అచ్చుల మీద మట్టి పేరుస్తారు. ఇదంతా తెరల వెనక జరిగేది.

"ఈ తూరి తెరలు ఉండవు" అంది చౌడమ్మత్త. "పట్టపగలు, నలుగురూ సూస్తా ఉండగా కొలుస్తా. అది తియ్యి. ఆ మూడు నిమిషాలు నావి అన్నావు గదా?"

"మీవే" అంది రేవతి. "కెమెరా ఎవరు పట్టుకోవాలి?"

చౌడమ్మత్త నా వైపు గడ్డం ఎత్తి చూపించింది. నేను జాకెట్టు మడతపెడుతున్నదాన్ని ఆగిపోయాను.

"నాకు రాదత్తా."

"కిటికీలో కూర్చోని ఇన్నేండ్లు సూసేది వచ్చు గదా. అదే సూపు. కంటికి అడ్డంగా ఆ డబ్బా ఉంటాది, అంతే."

వధకు ముందురోజు పొద్దున్నే మిట్ట మీద నీళ్ళు చల్లారు. చెరువు మట్టి ట్రాక్టరులో వచ్చి కుప్ప పడింది. ఏకాంబరం ఆ రోజు ఆటో తీయలేదు. రేవతి నాకు కెమెరా చూపించింది. పాతకాలంది, పక్కన తాళంలా తిప్పే పిడి ఉంది. బిగదిప్పి వదిలితే అరనిమిషం ఆడుతుంది, ఆగుతుంది, మళ్ళీ తిప్పాలి. నా చేతి చెమటకు అది జారుతోంది.

జయరావు గొడుగు పట్టుకుని వచ్చాడు. ఆయన వంగతోట మిట్టకు దక్షిణం పక్కనే. తోట గట్టు మీద నిలబడి చుట్టూ చూశాడు.

"ఏమ్మా చౌడమ్మా, తెరలు యాడ?"

"మడతలు పెట్టి గుళ్ళోనే ఉండాయి సామీ."

"కట్టించు మరి. పొద్దెక్కతా ఉండాది."

"కట్టను సామీ."

ఆయన తనకు సరిగ్గా వినబడలేదేమో అనుకుని ఇంకోసారి అడిగాడు. ఆమె ఇంకోసారి అదే చెప్పింది. అంగడి వదిలి దేవకమ్మ వచ్చింది. బోరింగు దగ్గర ఉన్న ఆడవాళ్ళు బిందెలు అక్కడే పెట్టి వచ్చారు.

"ఫిల్మ్ తీయాలంటే ఏకాంబరం ఉండాడు గదా" అన్నాడు జయరావు. "పరివట్టం కట్టించుకునేది వాడు. వాణ్ణి తియ్యమను."

"పరివట్టం తియ్యాలంటే వాణ్ణి తియ్యమనండి సామీ. దుర్యోధనుణ్ణి చేసేది తియ్యాలంటే నన్నే తియ్యాల."

"ఆడమనిషి నడిపగల్లో ఆ జాగాలో పండుకుంటాదా? మైల గదా అది!"

"మామ చెయ్యి పడిపోయినప్పటి నుంచి నేనే పండుకుంటా ఉండా. అప్పుడు మైల యాడికి పోయింది?"

"అది మాకు తెలీదు."

"తెలీదా? తెరల సందులో నుంచి నాకు కాఫీ గలాసు అందించిన చెయ్యి ఎవురిది సామీ?"

ఆడవాళ్ళలో ఎవరో కిసుక్కుమన్నారు. జయరావు గొడుగు ముడిచాడు.

"ఈ యేడు ఏకాంబరం కొలుస్తాడు. ఏకాంబరం చేస్తాడు. నువ్వు ఇంటికి పో."

చౌడమ్మత్త గీతలు గీసే పుల్లను నేల మీద పెట్టింది. విసరలేదు. కొంగు దులుపుకుని వచ్చి మా ఇంటి అరుగు మీద కూర్చుంది. రేవతి కెమెరా వైపు చూసి, "మూత పెట్టేయ్" అంది నాతో మెల్లగా. "ఆమె రీలులో ఆమే ఉండాలి."

నేను కిటికీలోంచి చూసినట్టే చూశాను. చౌడమ్మత్త కళ్ళు మిట్ట మీదే ఉన్నాయి. ఆ రోజు ఆ పని చేజారితే ఇక ఎప్పటికీ చేజారినట్టేనని ఆమెకు తెలుసు, నాకు తెలుసు. వచ్చే యేడు పొరుగూరి నుంచి ఎవరో ఒకరిని తెచ్చుకుంటారు.

ఏకాంబరం మిట్ట మధ్యలో ఒంటరిగా నిలబడ్డాడు.

"సామీ, పట్టుపంచ..."

"విప్పి పెట్టు!"

పంచ విప్పి తువ్వాలు చుట్టుకున్నాడు. నేల మీద వీపు ఆనగానే "అబ్బా, సల్లగా ఉండాదప్పా" అని అరిచాడు. ఈసారి ఎవరూ నవ్వు దాచుకోలేదు. జయరావే గొడుగు మొనతో గీత గీశాడు. లేచాడు, పడుకున్నాడు. లేచాడు, పడుకున్నాడు. వాడు తండ్రిలాగే పొడగరి. ఆరో నిలువు ముగిసేసరికి వంగతోట కంచె దగ్గరికొచ్చాడు. ఏడోసారి పడుకుంటే నడుం దగ్గరికి కంచె వచ్చింది, కాళ్ళు తోటలోకి పోయాయి.

"సామీ, ఎనిమిదోది తోటలోనే పండుకోమంటారా?"

"దుర్యోధనుడు వంకాయలు కోస్తా ఉండాడు మే!" అంది దేవకమ్మ.

"ఒక నిలువు తగ్గించు" అన్నాడు జయరావు.

"ఏది తగ్గించేది? తలకాయా, తొడలా? తొడలు లేకపోతే భీముడు యాడ కొడతాడు?"

"తాడు తెచ్చి, పోయిన యేడు ఎంతుండాదో అంత కొలువు."

ఏకాంబరం లేచి కూర్చున్నాడు. వీపంతా మట్టి. వాడి ముఖంలో నవ్వు పోయింది. "మా నాయన తాడు పెట్టనిచ్చేవోడు కాదు సామీ. తాడు పెట్టేది మనిషిని పూడ్చేదానికి అనేవోడు. నేను పెట్టను. ఏమన్నా అనుకోండి."

అప్పుడు మా అరుగు మీది నుంచి చౌడమ్మత్త గొంతు వచ్చింది. ఆమె లేచి నిలబడి ఉంది.

"జయరావు సామీ! వీడు మామ అంత పొడుగు. మామ కొలిచినప్పుడు దుర్యోధనుడి కాళ్ళు యాడిదాకా వచ్చేవి?"

ఆయన కంచె వైపు చూశాడు.

"ఆ వంగచెట్లు ఉండే కాడికి వచ్చేవి. ఈడ ముసిలోళ్ళు ఉండారు, అడగండి. అప్పుడు కంచె ఆడ లేదు. నేను కొలిచేది మొదలుపెట్టినాక దుర్యోధనుడు పొట్టోడైనాడు. కాళ్ళ కింద జాగా మిగిలింది. కంచె ఈడికి జరిగింది. నేను కొలస్తా ఉండేది మీకు తెలీదా? తెలవకుండానే నా నిలువుకు సరిపోయేటట్టు కంచె జరిపినారా?"

కర్ర ఊతంగా నిలబడ్డ ఒక ముసలాయన, "అవునప్పా, ఆ చింతమొద్దు దాకా ఉండేది మిట్ట" అన్నాడు, ఎవరితోనూ కాదన్నట్టు.

జయరావు గొడుగు మొనకు అంటిన మట్టిని గట్టుకు రుద్ది తీశాడు. చాలాసేపు తీశాడు.

"రామ్మా. వచ్చి కానీ. తెరలు కట్టుకో."

"తెరలు లేకుండా."

"మట్టి మైల అని మైకులో చెప్తా. ఇంటికి తీసుకపోవద్దని చెప్తా."

"చెప్పండి సామీ. నేను కొలిచేది కొలస్తా."

ఆయన సరేనని అనలేదు. గుడి వైపు వెళ్ళిపోయాడు. చౌడమ్మత్త అరుగు దిగి వచ్చి, ఏకాంబరం ఒంటి అచ్చుల మీద నీళ్ళు పోయించి, అరచేత్తో నేల సాపు చేసింది. పుల్ల తీసి ఏకాంబరం చేతిలో పెట్టింది. "గీసేది నువ్వు. నేను గీ అన్నప్పుడు గీ." తర్వాత నన్ను చూసింది. నేను పిడి బిగదిప్పాను.

ఆ చిన్న అద్దంలో అన్నీ వేరుగా కనబడ్డాయి. జనం లేరు, గుడి లేదు. ఆమె ఉంది, తడినేల ఉంది. ఆమె కొంగు నడుముకు చుట్టి బిగించి, కూర్చుని, వెనక్కి వాలింది. చేతులు ఒంటికి ఆనించి పెట్టింది. "గీ." లేచింది. వెనక ఆమె అచ్చు, భుజాలు, జడ ముడి పడ్డ గుంట, మడమలు. మళ్ళీ పడుకుంది. "గీ." కెమెరా ఆగినప్పుడల్లా నేను తిప్పుతున్నాను. ఆ సందులో ఆమె చేసింది రీలులో లేదు, నా కంట్లో ఉంది. ఆరోసారి లేచేటప్పుడు నడుం పట్టేసింది. ఏకాంబరం చెయ్యి ఇవ్వబోయాడు. పట్టుకోలేదు. మోచేతి మీద బలం పెట్టి తనే లేచింది.

ఎనిమిదోసారి పడుకుని లేవలేదు. తల తిప్పి నేరుగా నా వైపు చూసింది. కనురెప్ప వేయలేదు. పడుకున్న మనిషి నిలబడ్డవాళ్ళ వైపు అట్లా చూడగలదని నాకు అంతకుముందు తెలియదు. కెమెరా దానంతట అది ఆగిపోయేదాకా చూసింది.

"అయిపోయిందా?"

"అయిపోయిందత్తా."

"అయితే మట్టి ఎత్తండి" అంటూ లేచింది. బోరింగు దగ్గరి నుంచి ఇద్దరు ఆడవాళ్ళు ఎవరూ పిలవకుండానే వచ్చి తట్టలు అందుకున్నారు. పొద్దు వాలేలోపల దుర్యోధనుడు మీసాలతో సహా పడుకున్నాడు. కళ్ళు దిద్దాక చౌడమ్మత్త వెనక దారిన పోలేదు. జనం మధ్యలో నుంచి నడిచి ఇంటికి వెళ్ళింది.

మర్నాడు పొద్దున కుండ పగిలింది. ద్రౌపది జుట్టు ముడి వేసుకుంది. జయరావు మైకు తీసుకుని, ఈ యేడు మట్టి ఎవరూ ఇండ్లకు తీసుకపోరాదు, మైల అయిందని రెండుసార్లు చెప్పాడు. పరివట్టానికి ఎవరి పేరూ పిలవలేదు. గుడ్డ మడత విప్పకుండానే పళ్ళెంలో లోపలికి పోయింది. ఏకాంబరం వచ్చి చౌడమ్మత్త పక్కన నిలబడ్డాడు.

"వదినా, ఈ పొద్దు నా తలకాయ బోడిగా ఉండాది."

"ఆటోకి ఏం కొదవ లేదు గదా. తోలుకో పో" అంది ఆమె. ఇద్దరూ నవ్వారు.

తర్వాత కొన్నాళ్ళకు రేవతి మళ్ళీ వచ్చింది. కుండలు పెట్టే గదికి కిటికీలు మూసి, గోనెసంచులు కట్టి చీకటి చేశాం. కాఫీపొడి, బట్టల సోడా, ఇంకేవో మాత్రల పొడి నీళ్ళలో కలిపి, ఆ బకెట్టులో రీలు వేసి చేత్తో కలపాలి. కాఫీపొడితో బొమ్మ వస్తుందంటే చౌడమ్మత్త నమ్మలేదు. "పాలు పొయ్యవా?" అని అడిగింది. అయినా మోచేతుల దాకా చేతులు పెట్టి, మట్టి కలిపినట్టే కింది నుంచి మీదికి, కింది నుంచి మీదికి కలిపింది. ఇంకో మందులో కడిగి తలుపు తెరిచాక, రీలును తీగ మీద ఆరేశాం. ఆమె గోళ్ళు తగిలిన చోట్ల గీతలు పడ్డాయి. రేవతి వాటిని తుడవలేదు. "ఇవి కూడా మీవే" అంది.

చౌడమ్మత్త ఇంటి గోడకు సున్నం కొట్టి, దీపాలు పెట్టే వేళకు దాని మీద ఫిల్మ్ వేశారు. రమ్మని ఎవరినీ పిలవలేదు. వాకిలి నిండిపోయింది. మునిశేఖర్ మామ డ్యూటీకి ఆలస్యమైనా పోకుండా గుమ్మంలో నిలబడ్డాడు. ఆ ఫిల్ములో నలుపు తెలుపుగా, తెలుపు నలుపుగా వస్తుందని నాకు తెలియదు. నల్లటి చౌడమ్మత్త గోడ మీద వెన్నెలలాగా వెలిగింది. నేల మీద ఆమె అచ్చులు ఒకదాని వెనక ఒకటి, తెల్లటి మనుషులు వరసగా పడుకున్నట్టు. గీతలు వానలాగా పడుతున్నాయి.

"ఏం పౌడరు పూసినావే చౌడమ్మా!" అని దేవకమ్మ అరిచింది. అందరూ నవ్వారు. ఆఖరున ఆమె తల తిప్పి చూసినప్పుడు నవ్వు ఆగింది. గోడ మీద అంత పెద్ద ముఖం, వాళ్ళ వైపే చూస్తోంది. దేవకమ్మ పైట సర్దుకుంది.

"మే" అన్నాడు మునిశేఖర్ మామ భార్యతో, గోడ చీకటిపడ్డాక. "నీకు నడుం నొప్పిగా ఉండాది అంటావే, ఇందుకా?"

"ఇన్నేండ్లకు అడిగినావు" అంది ఆమె.

ఆ వారం నుంచే కథ మొదలైంది. మొగోళ్ళు తీశారని, కొంగు లేదని. కథ ఎవరి నోటి నుంచి బయలుదేరిందో నేను చెప్పను. చౌడమ్మత్త చెవికి చేరింది. "పండుకునింది నిజమే గదా, మిగతాది వాళ్ళ కష్టం" అంది. ఈ యేడు చైత్రంలో ఆమె తెరల గుడ్డలు గుడి నుంచి తెప్పించుకుని, నా దగ్గర ఇచ్చి, తట్టలు మోసే ఆడవాళ్ళ తలగుడ్డలకు సరిపోయేటట్టు చించి అంచులు కుట్టించుకుంది. జయరావు అడ్డు చెప్పలేదు. కంచె మాత్రం అక్కడే ఉంది. చౌడమ్మత్త దాని సంగతి అడిగే రోజు కూడా వస్తుందని అంటోంది.

మొన్న అంగడికి పోయాను. దేవకమ్మ రేణిగుంట నుంచి వచ్చిన ఎవరో బంధువుకు అదే కథ చెబుతోంది. "ఆ యేడు మట్టి ఒక్కరు ముట్టలా" అనే చోటికి వచ్చి, నాకు బియ్యం ఇవ్వడానికి ఇంట్లోకి పోయి డబ్బా మూత తీసింది. అంగడి బియ్యం అయిపోయాయట, ఇంటి డబ్బాలోంచే కొలిచి పోసింది. నేను గుమ్మం దగ్గర నిలబడి ఉన్నాను. శేరు మునిగిన చోట బియ్యం జారి, నిమ్మకాయంత ఎర్రటి మట్టిగడ్డ ఒకటి బయటపడింది. దానిలో ఊక మెరుస్తోంది. ఆమె దాన్ని మళ్ళీ బియ్యంలోకి నొక్కి మూత పెట్టింది. నేను చూశానని ఆమెకు తెలియదు.

పోయిన యేడు వధ రోజు మధ్యాహ్నం, ఎండకు మిట్ట మీద ఎవరూ లేరనుకున్నప్పుడు, నేను కిటికీ దగ్గరే ఉన్నాను. మొదట బోరింగు ఆడవాళ్ళు వచ్చారు, బిందెల్లో. తర్వాత దేవకమ్మ, కొంగులో. తర్వాత ఒక్కొక్కరే, పక్కవాళ్ళు పోయేదాకా గోడ చాటున నిలబడి. ఎవరూ ఎవరితోనూ మాట్లాడలేదు. పొద్దు వాలే వేళకు పాదాల దగ్గర కాస్త మట్టి మిగిలింది. జయరావు తోట గట్టు దిగి వచ్చి, అటూ ఇటూ చూసి, భుజం మీది తువ్వాలు పరిచి దాన్ని ఎత్తుకుపోయాడు.

ఆ సాయంత్రానికి మిట్ట మీద పిడికెడు మట్టి లేదు.